గెలుపునకు వారసులెవ్వరు?

ఏ కళాశాల జట్టు ఏ పోటీలో గెలిచినను, ఆ పదునొకండుగురిలో తెలుగువారెందరని లెక్కించుట మన సంఘములకు అలవాటయినది. ఒక్క తెలుగు పేరు కనబడెనా, శాలువ సిద్ధము. కనబడదా, ఆ గెలుపు మనది కాదు. బాగేపల్లి, చింతామణి, చాకవేలు ప్రాంతములలో తరతరములుగా వేళ్లూనిన మేము ఈ అలవాటును గట్టిగా నిరసించుచున్నాము. ఇది భాషాభిమానము కాదు. ఒకరి చెమటపై మన పేరు వ్రాసికొనుట.

తెలుగునాట ఫుట్‌బాల్ వెలిగిన కాలమునే చూడుడు. హైదరాబాదు సిటీ పోలీసు జట్టు 1950 మొదలు 1954 వరకు వరుసగా అయిదు మారులు బొంబాయి రోవర్స్ కప్పును గెలిచెను. సంతోష్ ట్రోఫీ 1956-57లోను, 1957-58లోను హైదరాబాదునకు, 1965-66లో ఆంధ్రప్రదేశ్‌కు దక్కెను. 1956 మెల్బోర్న్ ఒలింపిక్ క్రీడలలో భారత జట్టు ఆస్ట్రేలియాను 4-2తో ఓడించి, తుదకు నాలుగవ స్థానమున నిలిచెను. 1962లో జకార్తా ఏషియా క్రీడలలో దక్షిణ కొరియాను 2-1తో ఓడించి స్వర్ణపతకము నందెను.

ఈ రెండు భారత జట్లను, ఆ పోలీసు జట్టును తీర్చిన గురువు సయ్యద్ అబ్దుల్ రహీమ్. ఉస్మానియాలో చదివి, బడిపంతులై, పిదప శిక్షకుడై, 1963లో మరణించువరకు ఆటనే నమ్మిన వాడు. ఆ తరపు మేటి ఆటగాడు తులసీదాస్ బలరాం సికిందరాబాదు చెంత అమ్ముగూడలో తమిళ కుటుంబమున జన్మించెను. ఇంటి భాషను బట్టి వారసత్వము పంచుకొందుమన్నచో, ఆ వెలుగులో మన వాటా ఎంత? ఆ నేలను, ఆ మైదానమును, ఆ గురువును బట్టి పంచుకొందుమన్నచో, అది అందరిదియును.

రహీమ్ కుర్రవారికి వింత పోటీలు పెట్టించెడివాడు. ఒకదానిలో బంతిని తనకడనే ఉంచుకొని గారడి చేయరాదు. వెంటనే తోడివాని కందింపవలెను. మరియొకదానిలో వాటము లేని కాలితోనే తన్నవలెను. రెండు కాళ్లును సమముగా నేర్చినవాడే ఆటగాడని ఆయన మతము. మన పిల్లలకు ఇంట తెలుగు, బడిలో కన్నడము. రెండు కాళ్లతో ఆడగలవానిని కుంటివాడని జాలిపడుట ఏమి వివేకము? ఈ సీమలోనే కైవార నారాయణ యోగి తెలుగునను కన్నడమునను పాడెను గదా!

మైసూరు జట్టు 1946-47, 1952-53, 1967-68, 1968-69 సంవత్సరములలో సంతోష్ ట్రోఫీని గెలిచెను. 54 ఏండ్ల పిమ్మట, 2023 మార్చిలో, సౌదీ అరేబియాలోని రియాద్ నగరమున కర్ణాటక జట్టు మేఘాలయను 3-2తో ఓడించి మరల గెలిచెను. నాడు మన తెలుగు సంఘములలో ఎన్నింట దీపము వెలిగినది? ఈ నేల పంట తిని, ఈ బడులలో చదివి, ఈ రాష్ట్రపు గెలుపును పొరుగింటి పెండ్లివలె చూచుట మనకు తగునా?

“భాషా సంఘమునకు బంతితో నేమి పని?” అని పెద్దలు కొందరందురు. పద్యము నేర్పుట సంస్కృతియైనప్పుడు, ఓడినవాని చేయి పట్టి లేపుట నేర్పుట సంస్కృతి కాదా? మరియు, కళాశాల జట్టు ఒక్క ఏటి పోటీలలో గెలిచెనన్న, ఆ గెలుపు ఆ ఏటిది కాదు. పదేండ్ల పిల్లవానికి పల్లెబడి వెనుక బయలున ఎవరో ఒక బంతి ఇచ్చియుండవలెను. ఎవరో ఒక పంతులు తన సాయంకాలములను ధారపోసియుండవలెను. అప్పుడు మనమెక్కడ నుంటిమి? గెలిచిన దినమున దండతో ప్రత్యక్షమగుట బంధుత్వము కాదు.

కావున మా కోరిక యిది. ఈ ఏడు సన్మానములు కొన్ని తగ్గింపుడు. ఆ సొమ్ముతో మన పల్లెబడులకు బంతులు కొనుడు, రాళ్లేరి బయళ్లను చదును చేయింపుడు, బడుల మధ్య పోటీలు నడపుడు. మగపిల్లలతోపాటు ఆడపిల్లలను ఆడనిండు. జట్టులో చేరవచ్చిన బిడ్డను ఇంటి భాష ఏదని అడుగకుడు. రేపు ఏ కళాశాల జట్టో కప్పు నెత్తినప్పుడు, అందులో తెలుగు పేరు ఒక్కటియు లేకున్నను, మనది అని చెప్పుకొను హక్కు మనకుండును.