కేస్‌షీటులో ఇమడని మాట

శరీర నిర్మాణం, మందుల మోతాదులు, శస్త్రచికిత్స పద్ధతులు తెలిసినంత మాత్రాన విద్యార్థి వైద్యుడు కాలేడని, రోగితో మాట్లాడే తీరునూ తన పనిని తానే వెనుదిరిగి చూసుకునే అలవాటునూ తరగతిలో నేర్పవలసిందేనని మన దేశంలో అధికారికంగా ఒప్పుకున్నది ఇటీవలే. భారత వైద్య మండలి 2018లో రూపొందించి, 2019లో చేరిన ఎంబీబీఎస్ విద్యార్థులతో అమలు మొదలుపెట్టిన పాఠ్యప్రణాళికలో ‘ఎట్‌కామ్’ అనే భాగం చేరింది. వైఖరి, నైతికత, సంభాషణ అనే మూడు మాటల ఇంగ్లీషు రూపాల నుంచి కూర్చిన పొట్టిపేరు అది. వైద్యుడు కావడమంటే ఏమిటి, రోగి కావడమంటే ఏమిటి అన్న ప్రశ్నలతో మొదటి ఏడాది మొదలై, శవపరిచ్ఛేదన గదిలోని మృతదేహాన్ని తొలి గురువుగా గౌరవించడం నేర్పి, చివరి ఏడాదిలో మరణాన్ని ఎదుర్కోవడం దాకా సాగే 27 పాఠాలు అందులో ఉన్నాయి. విద్యార్థి తనకు ఎదురైన అనుభవం గురించి లాగ్‌బుక్కులో కొన్ని పేరాలు రాయాలి: ఏం జరిగింది, అది తనకేం తెలిపింది, ఇకమీదట తానేం చేస్తాడు. దీన్నే ఇంగ్లీషులో రిఫ్లెక్టివ్ రైటింగ్ అంటున్నారు. తెలుగులో ‘తలపోత’ అనే పాత మాట దీనికి చక్కగా అమరుతుంది, ఎందుకంటే జరిగిపోయినదాన్ని మనసులోకి మళ్ళీ తెచ్చుకుని దాని మంచిచెడ్డలు తూచుకోవడమే ఆ మాటకు అర్థం.

ఈ ఆలోచనకు వైద్యంకన్నా ముందు విద్యాతత్త్వంలో వేళ్ళున్నాయి. అనుభవం తనంతట తాను పాఠం కాదని, దాని గురించి క్రమంగా ఆలోచించినప్పుడే అవుతుందని అమెరికన్ తాత్త్వికుడు జాన్ డ్యూయీ 1910లోనే వాదించాడు. డొనాల్డ్ షోన్ 1983లో ప్రచురించిన గ్రంథంలో వృత్తినిపుణుల తలపోతను రెండు విధాలుగా విడదీశాడు: పని చేస్తున్న క్షణంలోనే చేతిని దిద్దుకునేది ఒకటి, పని ముగిశాక కూర్చుని నెమరువేసుకునేది మరొకటి. దీన్ని ఆసుపత్రి వార్డులోకి తెచ్చినవారిలో ముఖ్యురాలు కొలంబియా విశ్వవిద్యాలయ వైద్యురాలు రీటా షారన్. వైద్యంతోపాటు ఆంగ్ల సాహిత్యంలోనూ పరిశోధన చేసిన ఆమె 1990లలో తన విద్యార్థులకు ఒక పని అప్పగించారు. ఆసుపత్రి చార్టులో రాయడానికి వీల్లేనిది, అయినా ఎక్కడో ఒకచోట రాయకతప్పనిది, ఏదైతే ఉందో దాన్ని మామూలు భాషలో వేరే కాగితం మీద రాయమన్నారు. ఆ సమాంతర చార్టులో రోగి కథతోపాటు విద్యార్థి భయం, కోపం, సిగ్గు కూడా చోటు చేసుకున్నాయి.

వినడం ఎంత కష్టమో తెలియడానికి ఒక లెక్క చాలు. హోవర్డ్ బెక్‌మన్, రిచర్డ్ ఫ్రాంకెల్ 1984లో అమెరికాలో 74 సంప్రదింపుల ధ్వనిముద్రణలను పరిశీలించినప్పుడు, రోగి తన బాధ చెప్పడం మొదలుపెట్టిన సగటున 18 సెకన్లకే వైద్యుడు అడ్డుపడుతున్నట్టు తేలింది. ఉదయం నుంచి బారులు తీరిన జనంతో కిక్కిరిసే మన ప్రభుత్వాసుపత్రి ఓపీలో ఆ మాత్రం వ్యవధి కూడా కొందరికే దక్కుతుంది. ఇందుకు వైద్యుణ్ణి ఒక్కణ్ణే తప్పుపట్టడం న్యాయం కాదు.

తెలుగు రాష్ట్రాల కళాశాలల్లో ఇంకో చిక్కు ఉంది. షారన్ విద్యార్థుల్లో ఎక్కువమంది రోగితో మాట్లాడిన భాషలోనే తమ సమాంతర చార్టు రాసుకున్నారు. ఇక్కడ రోగి తెలుగులో చెబుతాడు, విద్యార్థి తెలుగులో వింటాడు, చాలాసార్లు తెలుగులోనే జాలిపడతాడు లేదా విసుక్కుంటాడు, ఆ తరవాత ఆ అనుభవాన్నంతా ఇంగ్లీషులో రాస్తాడు. పరీక్షకు పనికివచ్చే కేస్‌షీటు ఇంగ్లీషులో ఉండటం అర్థమవుతుంది, ఎందుకంటే అది ఒక వైద్యుడి నుంచి మరో వైద్యుడికి అందే వృత్తిపత్రం. తనతో తాను మాట్లాడుకునే పుట కూడా అదే భాషలో ఉండాలనడంలోనే అనుభవం జారిపోతోంది.

నొప్పినే తీసుకుంటే, పుండు సలుపుతుంది, పన్ను పోటు పెడుతుంది, కడుపులో నులిపెడుతుంది, కాళ్ళు తీపులు తీస్తాయి, అరికాళ్ళు మంటలెత్తుతాయి, నడుము పట్టేస్తుంది. తెలంగాణలో కాళ్ళు గుంజుతాయి, కడుపు నొస్తుంది, ఆయాసమైతే దమ్ము వస్తుంది. ఇవి అలంకారాలు కావు, రోగనిర్ధారణకు పనికొచ్చే సమాచారం. ఉండి ఉండి మెలిపెట్టే నులినొప్పి పేగు వంటి గొట్టపు అవయవం బిగుసుకుంటున్నదని సూచించవచ్చు, సలుపు చీము పట్టిందని చెప్పవచ్చు, షుగరున్న మనిషి అరికాళ్ళ మంట నరాలు దెబ్బతింటున్నాయన్న హెచ్చరిక కావచ్చు. ‘తల తిరుగుతోంది’ అన్నవారిని గది గిర్రున తిరిగినట్టుందా, కళ్ళు బైర్లు కమ్మినట్టుందా అని ఇంకొక్క ప్రశ్న అడిగితే, మొదటిది లోచెవి దోషంవైపు, రెండోది రక్తపోటు పడిపోవడంవైపు దారి చూపుతుంది. ఇంగ్లీషులోనూ ఇలాంటి తేడాలకు మాటలున్నాయి, అయితే హడావుడిలో ఉన్న విద్యార్థి కలం నుంచి దిగేది మాత్రం ‘పెయిన్’, ‘గిడ్డీనెస్’ అన్న రెండు మాటలే. ఇక ‘బెంగ’ సంగతి మరీ దయనీయం. అది కేస్‌షీటులోకి వస్తే డిప్రెషన్‌గా మారుతుంది, లేదా అసలు రానేరాదు. బెంగకు ఎప్పుడూ ఒక మనిషో ఊరో ఉంటుంది. గల్ఫుకు వెళ్ళిన కొడుకు కావచ్చు, వదిలివచ్చిన ఇల్లు కావచ్చు. ‘బెంగ పెట్టుకుంది’ అని బంధువులు చెప్పినప్పుడు ఎవరిమీద అన్న ప్రశ్నను ఆ మాటే వైద్యుడి నోటికి అందిస్తుంది.

అంతకన్నా లోతైన విషయం సంబోధన. ఇంగ్లీషులో ఎదుటివారెవరైనా ‘యూ’యే గనక, తానెంత మర్యాదగా అడిగాడో విద్యార్థి రాసుకున్న ఇంగ్లీషు పుట చెప్పలేదు. తెలుగులో ఆ సంగతిని క్రియ చివరి అక్షరాలే బయటపెడతాయి. ఇస్త్రీ చొక్కా వేసుకున్న ఉద్యోగిని ‘ఎప్పటినుంచి ఉందో చెప్పండి’ అని అడిగినవారే, పల్లె నుంచి వచ్చిన డెబ్బై ఏళ్ళ కూలి మనిషిని ‘ఎన్నాళ్ళనుంచి? త్వరగా చెప్పు’ అంటారు. కులం, కలిమి, చదువు, ఆడామగా తేడా అన్నీ ఆ ఒక్క మార్పులో దాగి ఉంటాయి. అలాగని ‘నువ్వు’ అనడాన్ని నిషేధిస్తే సరిపోతుందా అంటే, అదీ కాదు. ‘ఏందవ్వా, ఎట్లున్నవ్ ఇయ్యాల?’ అని మంచం అంచున కూర్చునే యువవైద్యురాలి పలకరింపులో ఉన్నదీ ఏకవచనమే, కానీ ఆ అవ్వకు అందులో మనవరాలి గొంతు వినిపిస్తుంది. ఈ రెండింటికీ మధ్య తేడాను ఏ నియమావళీ పట్టివ్వలేదు. తానన్న మాటను అన్నదన్నట్టు తెలుగులో రాసుకుని, సాయంత్రం మళ్ళీ చదువుకున్నప్పుడు విద్యార్థి చెవికే అది తెలుస్తుంది. తలపోత రాతకు ఇంతకు మించిన ప్రయోజనం చూపడం కష్టం.

దుర్వార్త చెప్పడంలోనూ ఇదే పరిస్థితి. అమెరికాలోని ఎం.డి. ఆండర్సన్ క్యాన్సర్ కేంద్రం వైద్యులు ముఖ్యులుగా 2000లో ప్రచురించిన ‘స్పైక్స్’ అనే ఆరు మెట్ల పద్ధతి మన పాఠాల్లోనూ వినిపిస్తోంది. తగిన చోటు చూసుకోవడం, రోగికి ఇప్పటికే ఎంత తెలుసో కనుక్కోవడం, ఎంత తెలుసుకోదలచాడో అడగడం, తేలిక మాటల్లో చెప్పడం, అతని ఉద్వేగాన్ని గుర్తించడం, ముందు చేయవలసినదాన్ని కలిసి ఆలోచించడం ఆ మెట్లు. మంచి పద్ధతే. కానీ మన వార్డులో మూడో మెట్టుకు చేరకముందే వరండాలో పెద్దకొడుకు వైద్యుణ్ణి పక్కకు పిలిచి ‘నాన్నగారికి మాత్రం చెప్పకండి డాక్టరు గారూ, తట్టుకోలేరు’ అంటాడు. ఆ తండ్రి హక్కుకూ ఆ కొడుకు ప్రేమకూ నడుమ నిలబడి ‘చిన్న గడ్డ ఉంది, ముక్క తీసి పరీక్షకు పంపుదాం’ అని ఊరుకున్న వైద్యుడు దయ చూపినట్టా, దాటవేసినట్టా? ఆరు మెట్లలో జవాబు లేని ఈ ప్రశ్న రాసుకున్న పుటలో కనీసం ప్రశ్నగానైనా మిగులుతుంది.

వైద్యశాస్త్రాన్ని దేశభాషలో ఆలోచించడం ఈ నేలకు కొత్త కాదు. 1918లో ఉర్దూ మాధ్యమంగా ఏర్పడిన ఉస్మానియా విశ్వవిద్యాలయంలో వైద్యాన్ని కూడా ఆ భాషలోనే బోధించిన కాలం ఉంది. తెలుగు సాహిత్యం విషయంలోనైతే వైద్యుల చేయి ఇంకా బలమైనది. ‘కాలాతీత వ్యక్తులు’ రాసిన పి. శ్రీదేవి వైద్యురాలు, ‘పెంకుటిల్లు’ రాసిన కొమ్మూరి వేణుగోపాలరావు వైద్యుడు, ‘అతడు అడవిని జయించాడు’ రాసిన కేశవరెడ్డి నిజామాబాదు జిల్లా డిచ్‌పల్లిలో కుష్ఠురోగులకు ఏళ్ళ తరబడి చికిత్స చేసిన వైద్యుడు. మనుషులను దగ్గరగా చూసి, చూసినదాన్ని నమ్మకంగా మాటల్లో పెట్టే అలవాటు వీరికి వృత్తిలోనూ రచనలోనూ ఒక్కటే అయి ఉంటుందని భావించడానికి అవకాశముంది.

తలపోత రాతకు అడ్డంకులు లేకపోలేదు. మార్కులకోసం రాసిన తలపోత త్వరలోనే మర్యాదపూర్వకమైన అబద్ధంగా మారుతుంది. పాత బ్యాచ్ రికార్డు ముందు పెట్టుకుని పశ్చాత్తాపాన్ని సైతం ఎత్తిరాసే దశ వచ్చాక, రాయడం కన్నా మానడమే నిజాయతీ. శిక్షభయం ఇంకో అడ్డంకి. బ్రిటన్‌లో ఒక బాలుడి మరణానికి సంబంధించిన కేసులో శిక్షణలో ఉన్న వైద్యురాలి పేరును 2018 జనవరిలో రిజిస్టరు నుంచి తొలగించినప్పుడు, తాము నిజాయతీగా రాసుకున్నది రేపు తమకే వ్యతిరేక సాక్ష్యం అవుతుందేమోనని వేలాది వైద్యులు కలవరపడ్డారు. అదే ఏడాది ఆగస్టులో అప్పీలు న్యాయస్థానం ఆమె పేరును పునరుద్ధరించింది. విచారణలకోసం అలాంటి రాతలను తాను అడగబోనని అక్కడి వైద్య మండలి ప్రకటించవలసి వచ్చింది. ఇక్కడా అధ్యాపకుడు ఆ పుటను దిద్దే కాగితంగా గాక ఉత్తరంగా చదవాలి, అంకె వేయకుండా రెండు మాటల జవాబు రాయాలి. ఇతర రాష్ట్రాల నుంచి వచ్చిన విద్యార్థులకు ప్రారంభ శిక్షణలో స్థానిక భాష నేర్పవలసి ఉంది గనక, ‘ఎక్కడ నొప్పి?’ అన్న వాక్యంతోపాటు ‘పోటా, సలుపా, మంటా?’ అన్న వాక్యమూ, ‘చెప్పు’, ‘చెప్పండి’ల మధ్య దూరమూ ఆ పాఠాల్లో చేరాలి.

వైద్య విద్యార్థులూ వైద్యులూ తెలుగులో రాసిన ఇలాంటి పుటలకు వచ్చే సంచిక నుంచి ఈ పత్రిక చోటు కేటాయిస్తుంది. రోగి పేరు, ఊరు, ఆసుపత్రి, గుర్తుపట్టగల మరే వివరమూ అందులో ఉండకూడదు. రాసినవారు కోరితే వారి పేరూ వేయరు. రోగి అన్న మాటను మాత్రం, శ్రీకాకుళంలో అన్నదైనా ఆదిలాబాదులో అన్నదైనా, ఒక్క అక్షరం దిద్దకుండా అచ్చువేస్తారు.