మిత్రిల్ కథను గనితో సహా పిల్లలకు చెప్పాలన్న తీర్మానం

(బొగ్గు గనుల ప్రాంతంలోని మా గ్రంథాలయ పాఠకుల సంఘం సర్వసభ్య సమావేశంలో ఏకగ్రీవంగా ఆమోదించినది)

వేసవి సెలవుల కథాపఠనానికి ఈసారి జె.ఆర్.ఆర్. టోల్కీన్ రాసిన ‘ది హాబిట్’ (1937), ‘ది లార్డ్ ఆఫ్ ది రింగ్స్’ (1954–55) తీసుకోవాలని బాలల విభాగం ప్రతిపాదించింది. ఆ కథల్లో వచ్చే మిత్రిల్ అనే లోహం పేరు మన పిల్లలకు కొత్త కాదు. వీడియో గేముల్లో అది నాణేలు పోసి కొనుక్కునే కవచం. 2022లో వచ్చిన, తెలుగులోనూ డబ్ అయిన ‘ది రింగ్స్ ఆఫ్ పవర్’ సిరీస్‌లో అది ఎల్ఫ్ జాతిని అంతరించిపోకుండా కాపాడే దివ్యమైన వెలుగు. టోల్కీన్ పుస్తకాల్లో ఈ రెండూ కనిపించవు. అక్కడ ఉన్నది గని. ఆ గనిని పక్కన పెట్టి కవచం మెరుపు ఒక్కటే చెబితే, బాయి (గని) పని తెలిసిన ఇళ్ల పిల్లలకు సగం కథే చెప్పినట్టవుతుందని ఈ సమావేశం అభిప్రాయపడింది.

టోల్కీన్ కల్పించిన మిడిల్ ఎర్త్ లోకంలో మిత్రిల్ భూమిని తవ్వితే దొరికే ఖనిజం. చూడటానికి వెండిలా ఉంటుంది గానీ ఎన్నేళ్లయినా నల్లబడదు. సుత్తి దెబ్బకు చక్కగా సాగుతుంది. డ్వార్ఫ్‌లనే పొట్టివాళ్ల జాతి కొలిమిలో పడ్డాక ఉక్కును మించిన గట్టిదనం వస్తుంది, బరువు మాత్రం తక్కువే. దీనితోనే ఎల్ఫ్‌లు ఇథిల్‌దిన్ అనే పదార్థాన్ని తయారుచేశారు. మోరియా పడమటి తలుపు మీద దానితో గీసిన గీతలు వెన్నెల్లోనో చుక్కల వెలుగులోనో, అదీ పాతకాలపు మాట పలికి తాకినప్పుడే బయటపడతాయి. మంత్రమంటూ ఉంటే అది రాయిలో లేదు, రాయిని మలిచిన చేతిలో ఉంది. పిల్లలకు ఈ సంగతి మొదటి రోజే తెలియాలి.

ఇక గని. డ్వార్ఫ్‌ల మహానగరం ఖజాద్‌దూమ్‌కు (మోరియా అన్నా ఇదే) పేరు తెచ్చింది బంగారమూ కాదు, రత్నాలూ కాదు. అవి వాళ్లకు వేరేచోట్ల కూడా దొరుకుతాయి. మిత్రిల్ పొర మాత్రం అక్కడే ఉంది, కరధ్రాస్ కొండ కిందుగా చీకట్లోకి దిగిపోయింది. ఏడాదికేడాది దొరకడం కష్టమవుతుంటే తవ్వకం ఇంకా లోతుకు సాగింది. కథలోని మూడో యుగం 1980వ సంవత్సరంలో అడుగున దాగి ఉన్న బాల్రోగ్ అనే అగ్నిభూతం లేచింది. రాజు ఆరో డ్యూరిన్‌ను చంపింది, మరుసటి ఏడు అతని కొడుకు నైన్‌నూ చంపింది. మిగిలినవాళ్లు ఊరు విడిచి పారిపోయారు. వెయ్యేళ్ల తర్వాత, 2989లో, బాలిన్ అనే డ్వార్ఫ్ కొందరిని వెంటబెట్టుకుని తిరిగివెళ్లాడు. ఐదేళ్లకు వాళ్లలో ఒక్కరూ మిగల్లేదు.

గని నడిచిన రోజుల్లో మిత్రిల్ ధర బంగారానికి పది రెట్లని కథలోని మాంత్రికుడు గాండాల్ఫ్ చెబుతాడు. గని పాడుబడ్డాక దానికి ధరే కట్టలేకపోయారు. ఆ లోహం గుణం ఏమీ మారలేదు. దిగి తవ్వేవాళ్లు లేకుండా పోయారు, అంతే. మన సభ్యుల్లో బాయి పని చేసి రిటైరైనవారు చర్చలో ఎక్కువసేపు మాట్లాడింది ఈ విషయం మీదే. డ్వార్ఫ్‌ల అత్యాశే కొంప ముంచిందని కథలో ఒక మాట ఉంది. దాన్ని ఆ జాతి మొత్తానికి పడిన శిక్షగా పిల్లలకు చెప్పడం సరికాదని ఈ సమావేశం భావిస్తున్నది. ఎంత లోతుకు పోవాలో ఎవరు నిర్ణయించారు? ముందుగా దిగింది ఎవరు? పుస్తకంలో రాజుల పేర్లున్నాయి, మిత్రిల్ తవ్విన పనివాళ్ల పేర్లు లేవు. టోల్కీన్ అంటే ఎంత గౌరవం ఉన్నా, ఈ లోటును లోటుగానే చెప్పాలి.

పరాయి కథ మనకెందుకని కొందరు సభ్యులు అడిగారు. ప్రశ్న న్యాయమైనదే. వినాయక చవితి నాడు ఇంటింటా చదువుకునే శమంతకమణి కథ మనకు ఉంది. రోజుకు ఎనిమిది బారువుల బంగారం ఇచ్చే మణి అది. దాన్ని వేసుకుని వేటకు వెళ్లిన ప్రసేనుడు సింహం వాత పడ్డాడు, కృష్ణుడంతటివాడికి నింద తప్పలేదు. అయితే శమంతకం ఎవరూ తవ్వకుండానే బంగారం ఇస్తుంది. మిత్రిల్ కోసం చీకట్లోకి దిగాలి. రెండు కథలూ విన్న పిల్లలు ఈ తేడాను తామే పట్టుకుంటారు. అందుకే రెండూ చెప్పాలి.

కవచం కథనూ విడిచిపెట్టకూడదు. ఎప్పుడో ఒక ఎల్ఫ్ రాకుమారుడి కోసం చేసిన మిత్రిల్ కవచాన్ని డ్వార్ఫ్‌ల నాయకుడు థోరిన్ ‘ది హాబిట్’ కథానాయకుడు బిల్బోకు ఇచ్చాడు. బిల్బో సొంత ప్రాంతమైన షైర్ మొత్తం కంటే విలువైన ఆ వస్తువు కొంతకాలం ఊరి మ్యూజియంలో దుమ్ము పట్టి ఉంది. తర్వాత బిల్బో వారసుడు ఫ్రోడో దాన్ని ఎవరికీ కనబడకుండా బట్టల కింద తొడుక్కున్నాడు. మోరియాలో శత్రువులైన ఓర్క్‌ల నాయకుడి బల్లెం పోటుకు అతను చనిపోయాడనే అందరూ అనుకున్నారు. బయటపడ్డాక చొక్కా విప్పి చూస్తే, కుడి పక్క, రొమ్ము నల్లగా కమిలిపోయి ఉన్నాయి. కవచం రింగులు లోపలి తోలు చొక్కాను చీల్చుకుని కండలోకి దిగాయి. మిత్రిల్ ప్రాణం కాపాడింది గానీ నొప్పిని ఆపలేకపోయింది. ఈ ఘట్టాన్ని తొందరపడకుండా, పూర్తిగా చదివి వినిపించాలి.

కనుక ఈ సమావేశం తీర్మానిస్తున్నదేమనగా: వేసవి పఠనంలో మోరియా అధ్యాయాలు ముందు, గేముల గురించీ సిరీస్ గురించీ మాటలు ఆ తర్వాత జరగాలి. శమంతకోపాఖ్యానాన్ని అదే వారంలో చెప్పాలి. ‘ది హాబిట్’ కొనేటప్పుడు 1966 నాటి సవరించిన పాఠాన్నే తీసుకోవాలి, ఎందుకంటే మొదటి ముద్రణలో ఆ కవచానికి మిత్రిల్ అన్న పేరు లేదు. రచయిత 1973లో మరణించినందున, మన చట్టం ప్రకారం ఈ పుస్తకాల హక్కులు 2033 చివరిదాకా ఉంటాయి. కథను తెలుగులో నోటితో చెప్పుకోవాలే గానీ, అనుమతి లేని అనువాదాన్ని సంఘం పేరుతో అచ్చు వేయడం, వాట్సాప్‌లో పంచడం చేయకూడదు. తెలుగు ప్రచురణకర్తలు హక్కుదారులను సంప్రదించి మంచి అనువాదం తేవాలని కోరుతూ కార్యదర్శి లేఖలు రాయాలి.

మోరియా అధ్యాయాలు చదివే రోజున, బాయి దిగి పనిచేసిన పెద్దలందరూ గ్రంథాలయానికి వచ్చి, భూమి కింద చీకటి ఎలా ఉంటుందో, మొదటి రోజు ఎలా దిగారో పిల్లలకు స్వయంగా చెప్పాలని ఈ సమావేశం వారిని కోరుతున్నది.