కొట్టేసిన 498ఎ కేసు: అప్పీలుకు వెళ్లేదెప్పుడు?

వరకట్న వేధింపుల కేసు కోర్టులో వీగిపోయిందనగానే రెండు మాటలు వినిపిస్తాయి. తప్పుడు కేసు పెట్టిందని కొందరు, డబ్బు వెదజల్లి బయటపడ్డారని కొందరు. తీర్పు చదివినవాళ్లు రెండు పక్షాల్లోనూ తక్కువే. 2014లో అరెస్టులపై మార్గదర్శకాలిస్తూ సుప్రీంకోర్టు 2012 నాటి గణాంకాలను ఉదహరించింది: 498ఎ కేసుల్లో చార్జిషీటు దాకా వెళ్లినవి 93.6 శాతం, శిక్ష పడినవి 15 శాతం. అప్పటినుంచి ఈ 15 చట్ట దుర్వినియోగానికి కొలబద్దగా చలామణీ అవుతోంది. వీగిపోయినవాటిలో అబద్ధమని తేలినవెన్ని, రుజువు చేయలేకపోయినవెన్ని, రాజీ కుదిరాక సాక్షులు మాట మార్చినవెన్ని అన్నది మాత్రం ఆ అంకె చెప్పదు.

ఈ తేడాలు పట్టించుకోకుండా అప్పీలు సంగతి మాట్లాడలేం. ఈ నేరం మామూలుగా రాజీకి వీల్లేనిది. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ 2003లో సవరణ తెచ్చి, కోర్టు అనుమతితో, కనీసం మూణ్నెల్లు ఆగాక రాజీ పడొచ్చంది. ఆ వెసులుబాటు లేనిచోట ఒప్పందం బయటే జరిగిపోతుంది, ఫిర్యాదు చేసినామె బోనెక్కి తననెవరూ వేధించలేదంటుంది, కేసు పోతుంది. అలాంటి తీర్పుపై అప్పీలు దండగ. పై కోర్టు చూసేది కింద నమోదైన వాంగ్మూలాన్నే కదా. అప్పీలు వేయాల్సినవి ఇంకో రకం తీర్పులు: సాక్షులు గట్టిగా నిలబడినా ‘అంతా పుట్టింటివాళ్లే, ఇరుగుపొరుగు ఒక్కరూ లేరు, పైగా ఫిర్యాదు ఆలస్యమైంది’ అంటూ సందేహలాభం ఇచ్చినవి. ఆడపడుచు లాంఛనం తక్కువైందన్న ఎత్తిపొడుపు వంటింట్లో పుడుతుంది. ఎదురింటివాళ్లను కూర్చోబెట్టుకుని ఎవరూ కట్నం అడగరు. ఆలస్యానికీ మన ఊళ్లలో ఒక క్రమం ఉంది. ముందు పెద్దమనుషుల పంచాయితీ, సర్దిచెప్పి అమ్మాయిని మళ్లీ కాపురానికి పంపడం, మరో పంచాయితీ, అన్నీ అయ్యాకే స్టేషన్. ఆ పంచాయితీల్లో రాసుకున్న కాగితం, దానిమీద సంతకం పెట్టిన పెద్దమనిషి, ఇవే కోర్టు అడిగే స్వతంత్ర సాక్ష్యం. దర్యాప్తులో ఆ కాగితాన్ని వదిలేస్తే అప్పీలు అప్పుడే సగం ఓడిపోయినట్టు. రికార్డులో ఉన్నా న్యాయమూర్తి దాని ఊసెత్తకపోతే అంతకన్నా గట్టి అప్పీలు ఉండదు.

నిర్దోషిగా తేలినవారిని మళ్లీ కోర్టుకీడ్చడం అన్యాయమన్న అభ్యంతరం తేలిగ్గా తీసేయదగ్గది కాదు. విడుదలతో నిర్దోషిత్వ భావన రెండింతలు బలపడుతుందనీ, సాక్ష్యాలనుంచి రెండు అభిప్రాయాలకు ఆస్కారముంటే విడుదలను కదపరాదనీ 2007లో చంద్రప్ప కేసులో సుప్రీంకోర్టు తీర్పు చెప్పింది. మంచి సూత్రమే. కానీ అక్కడ అభిప్రాయమంటే సాక్ష్యం చదివి ఏర్పరచుకున్నది. ఉన్న సాక్ష్యాన్ని చూడకుండా దాటేయడాన్ని ఆ లెక్కలో వేయలేం. ఇక దుర్వినియోగం సంగతి. 2024 డిసెంబరులో తెలంగాణ కేసొకదాన్ని కొట్టేస్తూ, ఫలానా అని చెప్పకుండా కుటుంబం మొత్తాన్ని ఇరికించే ధోరణిని సుప్రీంకోర్టు తప్పుపట్టింది. సరిగ్గా అదే నెలలో ఆంధ్రప్రదేశ్ కేసులో, క్రూరత్వం ఉంటే చాలు, కట్నం అడిగినట్టు లేకున్నా 498ఎ వర్తిస్తుందంది. రెండిట్లోనూ కోర్టు చూసింది ఆరోపణలో ఏముందన్నదే.

దారి ఎటూ ఉంది. మేజిస్ట్రేటు కోర్టు కొట్టేస్తే సెషన్స్ కోర్టులో అప్పీలు వేయమని ప్రాసిక్యూటరును ఆదేశించాల్సింది జిల్లా మేజిస్ట్రేటు, అంటే మామూలుగా కలెక్టరు. ఇసుక, రేషను, రెవెన్యూ ఫైళ్ల నడుమ ఆ కాగితం వంతు ఎప్పుడొస్తుందో ఊహించుకోవచ్చు. బాధితురాలు దానికోసం ఎదురుచూడనక్కర్లేదు. 2009 డిసెంబరు 31 నుంచి విడుదలపై సొంతంగా అప్పీలు చేసే హక్కు ఆమెకుంది. అందుకు ముందస్తు అనుమతి అక్కర్లేదని 2018లో సుప్రీంకోర్టు తేల్చింది. కొత్త నాగరిక్ సురక్షా సంహిత 413వ సెక్షన్లోనూ ఆ హక్కు అలాగే ఉంది. తీర్పు ప్రతి చేతికిచ్చిన రోజే, న్యాయసేవాధికార సంస్థ ఉచిత వకీలు చిరునామాతో సహా ఈ సంగతి ఆమెకు చెప్పాలి. దానికి కొత్త చట్టమేమీ అక్కర్లేదు.

అప్పీలుకు దారి ఉంటే చాలదు, గడువూ ఉండాలి. ఉత్తరప్రదేశ్‌లో 2001లో ఇరవయ్యేళ్ల కోడలి మరణం కేసులో కింది కోర్టు వేసిన శిక్షను హైకోర్టు 2003లో రద్దు చేసింది. ఆ విడుదల తప్పని సుప్రీంకోర్టు తేల్చేసరికి 2025 డిసెంబరు వచ్చింది. భర్తను లొంగిపొమ్మన్నారు. అత్తగారికి అప్పటికి 94 ఏళ్లు. దోషిగా తేల్చినా, వయసు చూసి జైలుకు పంపలేదు.