నవ్వు ఎవరి పక్షం?

టెలివిజన్‌కు రాసి పొట్టపోసుకున్నవారు నవలలు రాస్తే వాటిని సాహిత్యంగా లెక్కించనక్కరలేదని ఒక వాదం వుంది. నవ్వించడానికి రాసిన పుస్తకాన్ని చదివి నవ్వుకోవాలిగాని, దానిలో వర్గమూ జాతీ వెతకడం రసికత లేనివాళ్ళ పని అని ఇంకొక వాదం వుంది. మొదటిది పండితుల వాదం. రెండవది పాఠకుల మిత్రులమని చెప్పుకునేవారి వాదం. పైకి ఈ రెండూ బద్ధశత్రువులు, లోపల తోడుదొంగలు. హాస్యానికి బాధ్యత వుండదని రెండూ ఒప్పుకుంటున్నాయి. అందుకే ఒకరు దాన్ని గుమ్మం బయట నిలబెడుతున్నారు, మరొకరు ఏ ప్రశ్నా వేయకుండా ఇంట్లోకి పిలిచి పీట వేస్తున్నారు.

ఈ వాదాలు రెండూ ఎంత బోలువో అమెరికన్ రచయిత్రి ఫ్యానీ ఫ్లాగ్‌ను చూస్తే తెలుస్తుంది. ఆమె 1944లో దక్షిణాది రాష్ట్రమైన అలబామాలో, బర్మింగ్‌హామ్ నగరంలో పుట్టింది. 1960లలో న్యూయార్కు చేరి, అలెన్ ఫంట్ నడిపిన 'క్యాండిడ్ కెమెరా' అనే టెలివిజన్ కార్యక్రమానికి రచయిత్రిగా కుదిరింది. దానిలో నటించింది కూడా. 1981లో మొదటి నవల అచ్చయింది. 1987లో వచ్చిన 'ఫ్రైడ్ గ్రీన్ టొమాటోస్ ఎట్ ది విజిల్ స్టాప్ కఫే' ఆమెకు దేశమంతటా పేరు తెచ్చింది. 1991లో అది సినిమా అయింది. ఆ సినిమాకు స్క్రిప్టు రాసినవారిలో ఆమె ఒకతె. ఆ స్క్రిప్టు ఆస్కార్ పోటీకి కూడా వెళ్ళింది.

పండితుల వాదానికి ముందు జవాబు చెప్పాలి. రచయిత ఏ పని చేసి బతికాడన్నది దోషం కాదు. పత్రికాఫీసులో కలం అరగదీసిన మార్క్ ట్వేన్ గొప్ప నవల రాయగా లేనిది, టెలివిజన్‌కు రాసిన మనిషి రాయకూడదా? నిజానికి టెలివిజన్ ఫ్లాగ్‌కు మంచి విద్యే నేర్పింది. ఆమె పాత్రలు నోరు విప్పగానే మనిషి కళ్ళకు కడతాడు. వృద్ధాశ్రమంలో కూర్చుని గతం తవ్వుకునే నినీ త్రెడ్‌గుడ్ అనే ముసలమ్మ మాటలు చదువుతుంటే, మన పక్క అరుగుమీద కూర్చున్న ముసలమ్మ మాట విన్నట్టే వుంటుంది. ఒక అధ్యాయం 1930లలో, తరువాతి అధ్యాయం 1980లలో, మధ్యలో వూరి చిన్నపత్రికలో వచ్చిన కబుర్లు: ఈ కూర్పు టెలివిజన్‌లో దృశ్యం మార్చే నేర్పే. దీన్ని తప్పుపట్టడానికి నాకు కారణం కనిపించదు.

కాని టెలివిజన్ ఇంకొక విద్య కూడా నేర్పుతుంది. ప్రకటనలకు డబ్బిచ్చే వ్యాపారి చూసేవాళ్ళను పోగొట్టుకోవడానికి ఇష్టపడడు. కనుక చూసేవాడి మనసు చివుక్కుమనకూడదు. వచ్చిన చిక్కు ఆ అరగంటలోనే విడిపోవాలి. 'క్యాండిడ్ కెమెరా'లో జరిగేది ఏమిటి? దాచిన కెమెరా ముందు మామూలు మనిషిని ఏదో తికమకలో పడేస్తారు. అతను తబ్బిబ్బయితే చూసేవాళ్ళు నవ్వుతారు. ఇదంతా వేళాకోళమని చివరకు చెబుతారు, అతనూ నవ్వేస్తాడు. వల పన్నినవాణ్ణి ఎవరూ ఏమీ అడగరు. చివరి నవ్వు అందరినీ క్షమిస్తుంది. ఈ క్షమాగుణం నవలలోకి వచ్చిందా లేదా అన్నదే అసలు ప్రశ్న.

నవల కథ ఇది. అలబామాలో విజిల్ స్టాప్ అనే చిన్న రైల్వే వూరు. అక్కడ ఇడ్గీ, రూత్ అనే ఇద్దరు తెల్ల స్త్రీలు హోటలు నడుపుతారు. ఆర్థిక మాంద్యం రోజుల్లో గూడ్సుబండ్లెక్కి వూళ్ళు తిరిగే నిరుపేదలకు అన్నం పెడతారు. పెరటి గుమ్మం దగ్గర నల్లజాతివారికి కూడా అమ్ముతారు. ఇడ్గీ, రూత్ ఒకరినొకరు ప్రేమించుకుని ఒకే ఇంట్లో వుండి బిడ్డను పెంచుతారు. ఈ సంగతిని ఫ్లాగ్ ఏ ఆర్భాటమూ లేకుండా, నలుగురిళ్ళలో జరిగే సంసారంలాగే రాసింది. 1987లో ఇది చిన్న ధైర్యం కాదు. ఆర్టిస్ అనే నల్లజాతి యువకుడు స్నేహితుని కుక్కను కాపాడబోయి జైలు పాలయ్యే అధ్యాయంలో నవ్వు గొంతులో అడ్డం పడుతుంది. ఫ్లాగ్‌కు చేదు తెలియదని ఎవరూ అనలేరు. తెలిసి కూడా తీపి కలపడమే నా ఫిర్యాదు.

ఒక్క హాస్యాన్ని తీసుకుని పరిశీలిద్దాం. ఆ వూళ్ళో గ్రేడీ కిల్గోర్ అనే రైల్వే పోలీసు వున్నాడు. నల్లవారిని చంపి, కొరడాలతో కొట్టి, ఇళ్ళు తగలబెట్టిన తెల్ల దురహంకారుల ముఠా కూ క్లక్స్ క్లాన్‌లో అతను సభ్యుడు. నల్లవారికి అన్నం అమ్మవద్దని ఇడ్గీని హెచ్చరించడానికి వస్తాడు. ఆమె బెదరదు. దుప్పట్లు కప్పుకుని ఊరేగేటప్పుడు కనీసం బూట్లయినా మార్చుకోవద్దా, ఆ పెద్ద పాదాలు ఎవరివో వూరందరికీ తెలుసు కదా అని ఎగతాళి చేస్తుంది. మంచి హాస్యం. ముసుగు వేసుకున్నవాడికి ముసుగు తీయడం కంటె పెద్ద శిక్ష లేదు. కాని ముసుగు తీశాక అక్కడ ఎవరు కనిపించారు? పెద్ద పాదాల మంచి పొరుగువాడు! నవల ముగిసేదాకా అతను మంచి పొరుగువాడుగానే వుంటాడు. అతని ముఠా చేతిలో దెబ్బలు తిన్న మనిషి ఆ బూట్లను ఎలా గుర్తుపట్టి వుంటాడు? నవ్వుతూ కాదు. చీకట్లో, నేలమీద పడి, ముఖానికి జానెడు దూరంలో చూసి గుర్తుపట్టి వుంటాడు. ఒకే చమత్కారంతో నేరస్థుణ్ణి పట్టిచ్చి, అదే చమత్కారంతో విడిపించడం టెలివిజన్ విద్య.

ఇక కోర్టు సంగతి. రూత్ భర్త ఫ్రాంక్ బెన్నెట్ పరమ దుర్మార్గుడు. బిడ్డను ఎత్తుకుపోవడానికి వచ్చి హత్యకు గురవుతాడు. చంపింది సిప్సీ అనే నల్లజాతి వంటమనిషి, చేతనున్న ఇనుప పెనంతో. ఆ సంగతి పాఠకుడికి చివరకుగాని తెలియదు. ఎన్నో ఏళ్ళ తరువాత, 1955లో, ఇడ్గీనీ సిప్సీ పెంచిన కొడుకు బిగ్ జార్జ్‌నూ జార్జియా రాష్ట్రంలో బోనెక్కిస్తారు. వూరి మతబోధకుడు వారికోసం అబద్ధపు సాక్ష్యం చెబుతాడు, సాక్షులందరూ కట్టుకథలు అల్లుతారు, జడ్జి కేసు కొట్టేస్తాడు. పాఠకుడు చప్పట్లు కొడతాడు.

1955! తెల్లవాణ్ణి చంపాడని నేరం మోపబడిన నల్లజాతి మనిషి ఆ సంవత్సరం దక్షిణాది కోర్టునుంచి నవ్వులమధ్య ఇంటికి వెళ్ళాడట! ఆ సంవత్సరమే ఆగస్టులో మిసిసిపీలో ఎమెట్ టిల్ అనే 14 ఏళ్ళ నల్లజాతి బాలుణ్ణి ఇద్దరు తెల్లవాళ్ళు చంపారు. సెప్టెంబరులో సమ్నర్ కోర్టులో తెల్లవారే వున్న జూరీ సుమారు గంటసేపు కూర్చుని వారిని నిర్దోషులన్నది. 1956 జనవరిలో ఆ ఇద్దరూ తామే చంపామని ఒక పత్రికకు చెప్పారు. దక్షిణాది కోర్టులో అసలు ప్రహసనం అది. దానికి నవ్వినవారు కూడా వున్నారు, అయితే వారు వేరే జాతివారు.

నవలలోని గూడ్సుబండ్ల సంగతి కూడా అంతే. 1931 మార్చిలో అదే అలబామాలో, అలాంటి గూడ్సుబండి మీద, పొట్టకూటికోసం పోతున్న తొమ్మిదిమంది నల్లజాతి కుర్రవాళ్ళను పెయింట్ రాక్ దగ్గర దించి, చేయని అత్యాచారం నేరం మోపారు. స్కాట్స్‌బరో కేసు అంటే అదే. రెండు వారాలకే ఎనిమిదిమందికి మరణశిక్ష వేశారు. ప్రపంచమంతటా ఆందోళన జరగబట్టి వారి ప్రాణాలు దక్కాయి. జైలులో యౌవనం మాత్రం దక్కలేదు. చివరి ముగ్గురికి అలబామా ప్రభుత్వం క్షమాపణ పత్రం ఇచ్చింది 2013లో. అప్పటికి ఆ తొమ్మిదిమందిలో ఒక్కరూ బతికిలేరు.

మరొకటి నన్ను ఇంకా బాధించింది. నవలలో 'రైల్‌రోడ్ బిల్' అనే మారుపేరు దొంగ రాత్రిపూట రైలు పెట్టెల్లోంచి ప్రభుత్వపు సరుకులు పేదలకు విసిరేస్తుంటాడు. ఆ దొంగ ఇడ్గీయేనని తరువాత తేలుతుంది. ముచ్చటగానే వుంది. కాని రైల్‌రోడ్ బిల్ నిజంగా వున్నాడు. అతను 1890లలో అలబామా గూడ్సుబండ్లను దోచిన నల్లజాతి మనిషి. 1896లో ఆట్‌మోర్‌లో అతన్ని కాల్చి చంపి, శవాన్ని వూళ్ళలో ప్రదర్శనకు పెట్టారు. నల్లజనం పాటలు కట్టి బతికించుకున్న ఆ వీరుడి పేరును నవల ఒక తెల్లపిల్ల అల్లరికి ఇచ్చేసింది. సరుకు నల్లవారికి అందింది, కీర్తి తెల్లవారికి దక్కింది. ఈ పంపకం హాస్యం పేర జరిగింది కనుక అడగకూడదంటారా?

"అది చరిత్రపుస్తకం కాదు, నవల" అంటారు రెండవ వాదం మిత్రులు. నిజమే. కాని 1955 అన్నదీ, క్లాన్ ముఠా అన్నదీ, రైల్‌రోడ్ బిల్ అన్నదీ నేను తెచ్చి పెట్టినవి కావు, రచయిత్రే తెచ్చుకున్నది. చరిత్రనుంచి ఉప్పు అప్పు తెచ్చుకున్నవాడు రుచి తనదేనంటే ఎలా? హాస్యం ఇంతకంటె ఎక్కువ చేయలేదన్న మాట కూడా నిజం కాదు. మార్క్ ట్వేన్ హకల్‌బెరీ ఫిన్ నవ్విస్తూనే, పారిపోయిన బానిసను పట్టివ్వడమే ధర్మమని నేర్పిన సమాజాన్ని బోనెక్కిస్తాడు. మన గిరీశాన్ని చూసి పొట్టచెక్కలయ్యేలా నవ్వుతాం. కాని ఎంత నవ్వించినా గురజాడ అతని చేతిలో బుచ్చమ్మను పెట్టలేదు. నవ్వు వేరు, మాఫీ వేరు అని ఆయనకు తెలుసు.

అయితే మనవాళ్ళకు కూడా ఒక మాట చెప్పాలి. నవ్వు కనిపిస్తే చాలు, శత్రువు కనిపించినట్టు లేచే అలవాటు మనలో వుంది. 1937లో జోరా నీల్ హర్‌స్టన్ నవల 'దెయిర్ ఐస్ వర్ వాచింగ్ గాడ్' వచ్చినప్పుడు, మహారచయిత రిచర్డ్ రైట్ వామపక్ష పత్రిక 'న్యూ మాసెస్'లో దాన్ని చీల్చి చెండాడాడు. ఆమె తెల్లవారిని రంజింపజేయడానికి నల్లవారిని నవ్వులపాలు చేసిందన్నాడు. అది పొరపాటు. అలబామాలోనే పుట్టిన హర్‌స్టన్ నవ్వు నల్లజనం తమలో తాము నవ్వుకునే నవ్వు. కష్టాన్ని మోయడానికి భుజం మార్చుకునే నవ్వు. ఆమె 1960లో పేదరికంలో చనిపోతే, 1973లో ఆలిస్ వాకర్ వెళ్ళి వెతికేదాకా ఆ సమాధిమీద గుర్తుకు రాయి కూడా లేదు. ఆ నవ్వుకూ ఫ్లాగ్ నవ్వుకూ తేడా చూడలేనివాడు విమర్శకుడు కాడు. ఒకటి దెబ్బతిన్నవాడి నోట వచ్చింది. రెండవది, దెబ్బ కొట్టినవాడి వూళ్ళో అందరూ మంచివారేనని నమ్మదలచుకున్నవారికోసం వచ్చింది.

ఫ్లాగ్ మారలేదని కూడా నేననను. 1998లో రాసిన 'వెల్‌కమ్ టు ది వరల్డ్, బేబీ గర్ల్!'లో ఆమె తన పాత వృత్తినే నిలదీసింది. మనుషుల రహస్యాలు తవ్వి అమ్ముకునే టెలివిజన్ వ్యాపారాన్ని అందులో చూపించింది. నల్లజాతి రక్తాన్ని దాచుకుని తెల్లదానిగా బతికిన తల్లి భయాన్ని కథకు మూలంగా పెట్టింది. అంటే క్షమించకుండా చూసే చూపు ఆమెకు వుంది. అది వున్న రచయిత్రి కనుకనే ఇంత వాదం. లేనివారిని గురించి ఇంత కాగితం ఖర్చు పెట్టనక్కరలేదు.

నవలను కాల్చమనడంలేదు. చదవండి, నవ్వండి. కాని నవ్వు ఆగిన తరువాత ఒక్కసారి సిప్సీ వైపు చూడండి. ఆ కథలో అందరికంటె పెద్ద సాహసం చేసింది ఆమె. దొరికితే ఏమయ్యేదో ఆమెకు తెలుసు. ఆ భయంతో ఆమె ఎన్ని రాత్రులు మేలుకుందో నవల చెప్పలేదు. ఆమె చేసిన పనిని చివరి పేజీల చమత్కారానికి దాచుకుంది. సిప్సీ నోట ఆ కథ విన్ననాడు కూడా మనం నవ్వుతాం. అయితే ఆ నవ్వుకు ఎవరికీ మాఫీ దొరకదు.