శబ్ద మహిమ: కథలోనిది, ప్రకృతిలోనిది

మానవుడు మాట నేర్చిన నాటి నుండి శబ్దంలో ఏదో మహిమ ఉన్నదని నమ్ముతూనే ఉన్నాడు. ఒక మాట పలికినంతనే గుహ ద్వారం తెరుచుకోవడం, ఒక పేరు ఉచ్చరించినంతనే భూతం వశం కావడం ఏ భాష కథలలోనైనా కనిపించే విషయాలే. ఉర్దూ చదివేవారికీ, తెలుగు చదివేవారికీ ఈ సంపద సమానంగా దక్కినది.

లక్నోలోని నవల్ కిశోర్ ముద్రణాలయం 1883 నుండి సంపుటాలుగా వెలువరించిన ‘తిలిస్మ్-ఎ-హోష్‌రుబా’ను తీసుకొనండి. అందులో సాహిర్ మంత్రం చదివితే నిప్పులు కురుస్తాయి. అమీర్ హంజాకు తెలిసిన ఇస్మె ఆజమ్ ముందు ఆ మాయలు నిలువవు. తిలిస్మ్‌ను భేదించే ఉపాయం ‘లౌహ్’ అనే పలకపై ఉంటుంది. తెలుగులో మధిర సుబ్బన్న దీక్షితుల కాశీమజిలీ కథలు, 1951లో వచ్చిన ‘పాతాళ భైరవి’ చిత్రం ఇటువంటి ఆనందాన్నే పంచినవి. ఈ మాయాలోకాలకు కూడా ఒక శాస్త్రం ఉన్నది. మంత్రానికి ఉచ్చారణ ప్రాణం. అందుకే ఆ దాస్తాన్‌లో సాహిర్‌ను బంధించినవారు మొదట వాని నాలుకకు సూది గుచ్చుతారు. నోరు కదలకపోతే మంత్రం లేదు, మంత్రం లేకపోతే వాడు సామాన్యుడు. కథకు ఇది చక్కని నియమం.

ప్రకృతిలోని శబ్దానికీ నియమాలున్నవి. అవి కథలకంటె తక్కువ వింత గొలిపేవి కావు. గోల్కొండ కోటలో ఫతే దర్వాజా గుమ్మటం క్రింద చప్పట్లు చరిస్తే దాదాపు కిలోమీటరు దూరాన కొండపైనున్న బాలా హిస్సార్‌లో వినిపిస్తుంది. 1656లో పూర్తయిన బీజాపూర్ గోల్ గుంబజ్‌లో, గుమ్మటం లోపలి వసారాలో ఒకరు గుసగుసలాడితే ఎదుటి వైపున ఉన్నవారికి స్పష్టంగా వినబడుతుంది. గోడల వంపులు శబ్దాన్ని చెదరనీయక పరావర్తనం చేయడమే ఇందుకు కారణం. ఇక అనునాదం సంగతి. ఒకే పౌనఃపున్యం గల రెండు శ్రుతిదండాలలో ఒకదానిని మ్రోగిస్తే, తాకకుండానే రెండవది మ్రోగుతుంది. పౌనఃపున్యం కలియనిచో అది మౌనంగానే ఉంటుంది. తబలాపై ఉండే నల్లని సియాహీ వలన ఆ చర్మం తంత్రీవాద్యం వలె శ్రుతిబద్ధమైన స్వరాలు పలుకుతున్నదని సర్ సి.వి. రామన్ 1920లోనే వివరించినాడు. ఇంగ్లండులో 1831లో సైనికులు అడుగులో అడుగు కలిపి నడువగా బ్రౌటన్ వ్రేలాడు వంతెన కూలిపోయినది. ఆ తరువాత వంతెనలపై కవాతు అడుగు మాని నడువవలెనని సైన్యంలో ఆజ్ఞ వెలువడినది.

ఈ రెండు మహిమల మధ్య గల భేదాన్ని విద్యార్థులు గట్టిగా గుర్తించవలెను. గోల్కొండలో రాజు చరిచినా, బాలుడు చరిచినా చప్పట్లు ఒకే తీరున వినిపిస్తాయి. ప్రకృతిలోని శబ్దానికి శత్రువు, మిత్రుడు అనే తేడా తెలియదు. ఎవరి పేరూ దానికి గుర్తుండదు. దూరం పెరిగిన కొద్దీ అది క్షీణిస్తుంది. కథలోని మంత్రమో, పేరు వెతుక్కొని వెళ్ళి ఒక్కనినే కొడుతుంది. చెవికి చేరనంత దూరాన ఎవరో గొణిగిన మాట మన దేహాన్ని కృశింపజేయడం కథకు మాత్రమే సాధ్యం.

ఈ భేదం పరీక్షలో రెండు మార్కుల ప్రశ్న కాదు. సిర్గాపూర్, నారాయణఖేడ్ చేరియున్న పూర్వపు మెదక్ జిల్లా పల్లెలు బాణామతి అనే భయాన్ని ఎరిగినవి. 1980 దశకంలో ఆ భయం మరీ ప్రబలినది. ఎవరికైనా అంతుపట్టని జబ్బు చేస్తే, మంత్రం వేసినారని పొరుగువానిని అనుమానించేవారు. అనుమానితులను కట్టివేసి పండ్లు ఊడగొట్టేవారు. కొందరిని చంపివేసినారు కూడా. పండ్లే ఎందుకు? పండ్లు లేని నోట మంత్రాక్షరం సరిగా పలుకదని. దాస్తాన్‌లో సాహిర్ నాలుకకు గుచ్చిన సూదికీ, పల్లెలో నిరుపేద నోట దిగిన పటకారుకూ ఆధారం ఒకే నియమం. మొదటిది కాగితంపై జరిగినది, రెండవది రక్తమాంసాలపై.

ప్రజల విశ్వాసాల జోలికి పోవడం చదువుకున్నవారికి తగదని కొందరు పెద్దలు అంటారు. వారి మాటలో కొంత సత్యం లేకపోలేదు. దుఃఖంలో ఉన్నవానికి ప్రార్థన ఊరటనిస్తుంది, దానిని పరిహసించే హక్కు ఎవరికీ లేదు. కాని ప్రార్థన తన కొరకు వేడుకొంటుంది, బాణామతి నమ్మకం ఎదుటివానిపై నేరం మోపుతుంది. నేరం మోపినప్పుడు రుజువు అడగడం విశ్వాసాన్ని అవమానించడం కానేకాదు. అట్లే బాధితుల బాధను నటన అనరాదు. వారి వేదన నిజమైనదే, కావలసినది వైద్యుడు. పాము కాటుకు మంత్రం పనిచేసినదని చెప్పేవారికీ సమాధానం ఉన్నది. కరిచే పాములలో అనేకం విషం లేనివి. విషసర్పం కరిచిన ప్రతిసారీ విషం ఎక్కదు. అట్లు బ్రతికినవారి పుణ్యాన మంత్రగానికి కీర్తి దక్కుతుంది. నిజంగా విషమెక్కినవానికి ఆ ఆలస్యమే ప్రాణాంతకం.

మనకు ఇరుగుపొరుగైన మహారాష్ట్ర 2013లోను, కర్ణాటక 2017లోను ఇటువంటి దురాచారాలపై చట్టాలు చేసినవి. చట్టం నేరం జరిగిన పిదప వస్తుంది, చదువు ముందుగా వెళ్ళగలదు. అందుచేత కళాశాల కమిటీ పెద్దలకు నా విన్నపం ఒక్కటే. ప్రయోగశాల అలమరలో ఉన్న శ్రుతిదండాలను ఏడాదికి కొన్ని దినాలైనా పల్లెలకు పంపండి. సైన్సు విద్యార్థులు ఒక తబలా, రెండు శ్రుతిదండాలు తీసుకొని, శబ్దం ఏమి చేయగలదో, ఏమి చేయలేదో తెలుగులోను, ఉర్దూలోను ప్రజలకు చూపించవలెను. అదే సాయంకాలం సాహిత్య విద్యార్థులు తిలిస్మ్ కథనో, కాశీమజిలీ కథనో చదివి వినిపించవలెను. కథను కథగా ఆనందించడం నేర్చినవాడు దానిని పొరుగువానిపై ప్రయోగించడు.

విద్యార్థి మిత్రులారా! అనుమానితుని చుట్టూ గుంపు చేరినప్పుడు, ‘ఇతడు చేసినాడనడానికి ఋజువేమిటి?’ అని పైకి అడిగే ఒక్క గొంతు కావలెను. చదువుకున్నవారిగా ఆ గొంతు మనదే కావడం న్యాయం.