కోణం రెట్టింపైతే భుజం రెట్టింపవుతుందా?

ఒక త్రిభుజంలో కోణాలు 30, 60, 90 డిగ్రీలు. 30 డిగ్రీల కోణానికి ఎదురుగా ఉన్న భుజం 5 సెంటీమీటర్లు. మిగతా రెండు భుజాల పొడవెంత? 10, 15 అని తడుముకోకుండా చెప్పేసే విద్యార్థులుంటారు.

జవాబు తప్పే, కానీ అర్థం లేని తప్పు కాదు. పెద్ద కోణానికి ఎదురుగా పెద్ద భుజం ఉంటుందని వాళ్లు చదువుకున్నారు. ఒకటి పెరిగితే రెండోది కూడా అదే లెక్కన పెరుగుతుందని త్రైరాశికం అలవాటు చేసింది. ఇలాంటి జవాబును ఎర్ర సిరాతో కొట్టేసి, పక్కన సరైన అంకె వేసేస్తే పిల్లలకు దక్కేది ఆ అంకె ఒక్కటే. దానికి బదులు 5, 10, 15 సెంటీమీటర్ల పుల్లలు మూడు చేతికిచ్చి త్రిభుజం పేర్చమనాలి. కుదరదు. చిన్న పుల్లలు రెండూ కలిసి సరిగ్గా పెద్దదాని పొడవే ఉంటాయి కాబట్టి దానిమీదే పడుకుంటాయి. ఏ రెండు భుజాల మొత్తమైనా మూడోదానికన్నా ఎక్కువుండాలని ఏడో తరగతిలో చెప్పిన నియమం ఎందుకో అప్పుడు తెలుస్తుంది.

అసలు పొడవు తెలుసుకోవడానికి కూడా పెద్ద గణితం అక్కర్లేదు. 10 సెంటీమీటర్ల సమబాహు త్రిభుజాన్ని కాగితంతో కత్తిరించి సరిగ్గా సగానికి మడిస్తే కోణాలు 30, 60, 90 అవుతాయి. చిన్న భుజం 5, కర్ణం 10. మూడోది పైథాగరస్ సూత్రం ప్రకారం సుమారు 8.66. అంటే కోణం 30 నుంచి 60కి పెరిగితే ఎదురు భుజం 3.66 పెరిగింది. ఆ తర్వాతి 30 డిగ్రీలకు 1.34 మాత్రమే.

ఈ తగ్గుతూ పోయే పెరుగుదల మన గణితానికి కొత్తది కాదు. క్రీ.శ. 499 నాటి ఆర్యభటీయంలో జ్యా పట్టిక ఉంది. ఆర్యభటుడు అందులో జ్యా విలువలకు బదులు, వాటి మధ్య తేడాలనే ఇచ్చాడు. మొత్తం 24 తేడాలు. మొదటిది 225, చివరిది 7. వాటిని కూడుకుంటూ పోతే 30 డిగ్రీలకు 1719, 60కి 2978, 90కి 3438 వస్తాయి. కాగితం మడతలో కనిపించిన నిష్పత్తే ఇది.

ఇలాంటి పట్టిక ఉంటే, ఒక్క భుజం కొలిచి మిగతా భుజాలను కోణాల నుంచే లెక్కించవచ్చు. 1802లో విలియం లాంబ్టన్ మద్రాసులోని సెయింట్ థామస్ మౌంట్ దగ్గర సుమారు 12 కిలోమీటర్ల ఆధార రేఖను కొలిచి, అక్కడి నుంచి త్రిభుజాలు అల్లుకుంటూ దేశాన్ని సర్వే చేయడం మొదలుపెట్టింది ఈ పద్ధతిలోనే.

తెలుగులో పేర్లు కూడా తమాషాగా ఉన్నాయి. ఆకారానికి భుజాలను బట్టి త్రిభుజమని పేరు, దాన్ని కొలిచే శాస్త్రానికి కోణాలను బట్టి త్రికోణమితి అని పేరు. బడిలో మాత్రం ఈ రెంటికీ మధ్య మూడేళ్ల దూరం. పదో తరగతిలో అవి కలిసే సమయానికి సైన్, కాస్ విలువల పట్టిక బట్టీ పట్టాల్సిన సరుకైపోతుంది.

సిలబస్ పూర్తిచేయడానికే సమయం చాలదని ఉపాధ్యాయులు అనడంలో నిజముంది. అయినా ఎనిమిదో తరగతిలో ఒక్క పీరియడ్ కేటాయించడం అసాధ్యమేమీ కాదు. కర్ణాన్ని 10 సెంటీమీటర్లుగానే ఉంచి, కోణమానినితో పదేసి డిగ్రీలు పెంచుతూ, మూలమట్టంతో లంబం దించి, ఎదురు భుజాన్ని స్కేలుతో కొలిపిస్తే చాలు. 10 డిగ్రీలకు 1.7, 20కి 3.4 వస్తాయి. ఇక్కడిదాకా త్రైరాశికమే నిజమనిపిస్తుంది. 40 దగ్గర 6.8 రావాల్సింది 6.4 వస్తుంది. 70 నుంచి 80కి వెళ్లేసరికి భుజం అర సెంటీమీటరు కూడా పెరగదు.