అసలు సంగతి

ఇల్లు కట్టి చూడు, పెళ్ళి చేసి చూడు అన్నారు పెద్దలు. పెళ్ళి సంగతి ఈ వారానికి అలా ఉంచుదాం. ఆ సామెత పుట్టిన రోజుల్లో ఇల్లు కట్టడమంటే సున్నం, కలప, చెప్పిన రోజుకు రాని తాపీమేస్త్రీ, వాన ముంచుకొస్తున్నా అందని పెంకులు - ఇవీ అగచాట్లు. ఇప్పుడు ఆ అగచాట్లన్నీ బిల్డరుగారు పడుతున్నారు. మనం చేయవలసిందల్లా సంతకాలు. ఒక మధ్యాహ్నం బ్యాంకులో కూర్చుని వాళ్ళు వేలు పెట్టి చూపించిన చోటల్లా సంతకం పెట్టి వస్తే ఇంటి తాళంచెవి చేతికి వస్తుంది. కట్టడం వాళ్ళ వంతు, చూడటం మన వంతు. ఆ చూడటం ఇరవై ఏళ్ళ పాటు సాగుతుంది.

మా స్టాఫురూములో ఎవరు ఫ్లాటు కొన్నా అందరూ అడిగే ప్రశ్న ఒకటే: "వాయిదా ఎంత పడుతోందండీ?" ఇరవై ఆరు వేలంటే "ఫరవాలేదు" అంటారు. నలభై వేలంటే "అమ్మో" అంటారు. "అంతా కలిపి ఎంత కట్టాలి?" అని అడిగినవారిని నేనింతవరకూ చూడలేదు. గృహప్రవేశం ఎదురుగా పెట్టుకుని అలాంటి మాట అడగడం అశుభం అనుకుంటారు కాబోలు.

నేను తెలుగు మేష్టరిని. లెక్కలు నా శాఖ కాదు. కాని మాటల దగ్గర నాకు పట్టింపు ఎక్కువ. అప్పు తెచ్చిన సొమ్మును మనం అసలు అంటాం. ఉన్న సంగతి ఉన్నట్టు చెప్పడాన్నీ అసలు సంగతి అంటాం. అలాగే ఉత్తరాదిన తన్‌ఖా అంటే జీతం. మనకు తనఖా అంటే ఆస్తిని కుదువ పెట్టడం. చెవికి రెండూ ఒక్కటే మాట. ఇంటిమీద అప్పు తెచ్చుకున్నవాడికి రెండో నెలకల్లా అర్థం కూడా ఒక్కటేనని తెలిసిపోతుంది. కాగితంమీద కుదువ పెట్టింది ఇల్లు. ఒకటో తారీఖున పోయేది జీతం.

ఇక లెక్క చిత్తగించండి. ముప్పయి లక్షల అప్పు, సాలుకు 8.5 శాతం వడ్డీ, గడువు 20 ఏళ్ళు. మన ఊళ్ళ లెక్కలో చెప్పాలంటే ఇది నూటికి నెలకు 71 పైసల వడ్డీ. రూపాయిన్నరకూ రెండు రూపాయలకూ నోటు రాసి అప్పు తెచ్చిన వంశాలు మనవి. మన కంటికి 71 పైసలు ధర్మవడ్డీగానే కనిపిస్తుంది. కనిపించడమేమిటి, నిజంగానే చవక. అంత చవక వడ్డీకీ నెలకు 26,035 రూపాయల చొప్పున 240 వాయిదాలు కట్టాలి. గుణించి చూడండి: 62 లక్షల 48 వేల పైచిలుకు. తెచ్చింది 30 లక్షలు. వడ్డీ బాపతు పోయేది 32 లక్షల 48 వేలు. అసలుకంటె వడ్డీ ముద్దు అని మనవల్ని ఎత్తుకున్నప్పుడు అంటూంటాం. ఇక్కడ ఆ మాట అక్షరాలా నిజం, ముద్దు మాత్రం బ్యాంకుది.

ఒక్కసారిగా తీర్చే రొక్కపు అప్పుకు వడ్డీ కలుపుకుని రెట్టింపు మించరాదని మనుస్మృతి 8వ అధ్యాయంలో ఉన్నది. నెలనెలా తీర్చే మన వాయిదాలకు ఆ నియమం వర్తించదనుకోండి. ఐనా రెట్టింపు దాటితే ఎక్కువేనని ఆనాటివారికీ తోచిందన్నమాట.

అలాగని ఇందులో బ్యాంకువాడి కనికట్టేమీ లేదు. మొదటి నెల మన బాకీ 30 లక్షలు. దానికి ఆ నెల వడ్డీ 21,250 రూపాయలు. మనం కట్టిన 26,035లో అది ముందుగా తీసుకుంటాడు. మిగిలిన 4,785 అసలులో జమకడతాడు. రెండో నెల బాకీ ఆ 4,785 మేరకు తగ్గుతుంది కనుక వడ్డీ ఒక ముప్పయి నాలుగు రూపాయలు తగ్గుతుంది. ఇలా గోరంత గోరంతగా నడుస్తుంది బండి. ఏడాది తిరిగేసరికి మనం కట్టింది 3 లక్షల 12 వేలు, బాకీలో తగ్గింది 60 వేలకు లోపు. పదేళ్ళయ్యేసరికి కట్టింది 31 లక్షల 24 వేలు. తెచ్చిన సొమ్ము మొత్తం తిరిగి ఇచ్చేశాం గదా అని ఊపిరి పీల్చుకోబోతే, బ్యాంకు పద్దులో ఇంకా 21 లక్షలు నిలిచి ఉంటుంది! వాయిదాలో వడ్డీ కంటె అసలు వాటా పెద్దదయ్యేది 143వ నెలలో, అంటే పన్నెండో ఏడు ముగియబోతుండగా. బాకీ సగానికి దిగేసరికి 166 నెలలు దాటుతాయి. అప్పటికి తెచ్చినప్పుడు పలకా బలపం పట్టిన పిల్లవాడు ఇంజనీరింగు సీటుకు తయారవుతాడు.

అప్పు ఖరీదు రేటులో ఎంత ఉన్నదో గడువులో అంతకంటె ఎక్కువ ఉన్నదని దీనివల్ల తేలుతోంది. మొన్న మా కాలేజీలో కొత్తగా చేరిన లెక్చరరు అమ్మాయి ఒకతె అడిగింది: "ముప్పయ్యేళ్ళకి పెట్టుకుంటే నెలకి మూడు వేలు తగ్గుతుందిట మేష్టారూ, మంచిదేగా?"

"తగ్గుతుందమ్మా. 23,067 అవుతుంది. మొత్తం ఎంతవుతుందో గుణించావా?"

గుణించింది. 83 లక్షలు దాటింది. నెలకు మూడు వేల కులాసా కోసం ఇరవై లక్షలన్నర అదనపు వడ్డీ. పోనీ అని అదే కాగితంమీద 15 ఏళ్ళకు వేసి చూశాం. వాయిదా 29,542. నెలకు మూడున్నర వేలు ఎక్కువ. వడ్డీలో మిగిలేది 9 లక్షల 30 వేలు. ఆ అమ్మాయి కాసేపు అంకెలు చూసి, "అంత కట్టగలనో లేదో నండీ. మా నాన్నగారి మందులున్నాయి" అన్నది. అదీ నిజమే. కట్టలేని వాయిదా నెత్తిన పెట్టుకోవడం తెలివైన పని కాదు. అలాంటివారు గడువు పొడుగ్గానే పెట్టుకుని, చేతిలో నాలుగు డబ్బులు ఆడినప్పుడల్లా అసలులో జమ చేయడం మేలు. మారే రేటుమీద వ్యక్తులు తీసుకున్న ఇంటి అప్పును గడువుకు ముందే తీర్చినందుకు బ్యాంకులు జరిమానా వసూలు చేయకూడదని 2012 జూన్‌లోనే రిజర్వు బ్యాంకు ఉత్తరువు ఇచ్చింది.

అలా జమ చేసేదేదో తొందరగా చేయాలి. పైన చెప్పిన 20 ఏళ్ళ అప్పులోనే మొదటి ఏడాది చివర ఒక లక్ష అదనంగా కట్టామనుకోండి. వెనకనుంచి 18 వాయిదాలు ఎగిరిపోతాయి. అంటే 4 లక్షల 70 వేలు. అదే లక్ష పదిహేనో ఏడాది చివర కడితే తగ్గేది ఆరు వాయిదాల లోపు, సుమారు లక్షన్నర. లక్ష అదే, అప్పు అదే. మధ్య గడిచిన పద్నాలుగేళ్ళే తేడా. అయితే అదనం కట్టేటప్పుడు "వాయిదా తగ్గించవద్దు, గడువు తగ్గించండి" అని కాగితంమీద రాసి ఇవ్వడం మరిచిపోకండి.

ఇంతవరకూ రేటు కదలదనుకుని లెక్కలు వేశాం. అది కదులుతుంది. 2019 అక్టోబరు నుంచి బ్యాంకులు మారే రేటుమీద కొత్తగా ఇచ్చే ఇంటి అప్పులను రెపో రేటు వంటి బయటి కొలతకు ముడిపెట్టాలని నియమం వచ్చింది. 2022 మే నుంచి 2023 ఫిబ్రవరి లోపల రిజర్వు బ్యాంకు రెపో రేటును 4 నుంచి 6.5 శాతానికి పెంచింది. 2025 ఫిబ్రవరి, జూన్ నెలల మధ్య ఒక శాతం తగ్గించింది. దించినప్పటి సంతోషం మాట ఎలా ఉన్నా, పెంచినప్పుడు ఏం జరిగిందో మా వీధిలోని ఒక పెద్దమనిషిని చూసి తెలుసుకున్నాను.

ఆయనది ప్రభుత్వోద్యోగం. 2021 మొదట్లో, తనకు 45వ ఏట, 7 శాతానికి 20 లక్షలు తెచ్చాడు. అరవయ్యో ఏట ఉద్యోగమూ అప్పూ ఒకేసారి దిగిపోవాలని సరిగ్గా 15 ఏళ్ళకు పెట్టుకున్నాడు. వాయిదా 17,977. రేటు పెరుగుతున్నదని పత్రికల్లో చదువుతూనే ఉన్నాడు. తన వాయిదా మాత్రం పైసా కదలలేదు. మన బ్యాంకువాడు మంచివాడని నలుగురితో చెప్పుకున్నాడు కూడాను. 2023 వేసవిలో కూతురి చదువు పనిమీద బ్యాంకుకు వెళ్ళి, పనిలో పనిగా అప్పు తబ్సీలు అడిగాడు. లెక్కప్రకారం ఇంక 156 వాయిదాలు మిగలాలి. కాగితంలో ఉన్నవి 210 పైచిలుకు. వాయిదా పెంచే బదులు బ్యాంకు గడువు సాగదీసింది. నాలుగున్నరేళ్ళకు పైగా!

ఆ సాయంత్రం ఆయన మా అరుగుమీద కూర్చుని అన్నమాట ఇది: "అరవై దాటాక ఎవరి జీతంలోంచి కట్టనండీ?" అప్పుడు పక్కన ఇల్లాలు కూడా ఉన్నది. ఆవిడ కాగితం తీసుకుని, "పాత గడువుకే తీరాలంటే నెలకెంత ఎక్కువ కట్టాలో అడిగారా?" అన్నది. అడగలేదు. మర్నాడు వెళ్ళి అడిగితే సుమారు 2,800 అన్నారు. ఆవిడ వేస్తున్న చీటీ ముగియవచ్చింది. కొత్త చీటీ వేయకుండా ఆ సొమ్ము వాయిదాకు మళ్ళించారు. వాళ్ళకు ఆ వీలున్నది. వీలు లేనివారి మాటేమిటి? 7 శాతానికి 30 లక్షలు 20 ఏళ్ళకు తెచ్చినవారి వాయిదా 23,259. అదే 30 లక్షలకు 9.5 శాతం చొప్పున నెల వడ్డీయే 23,750. కట్టే వాయిదా వడ్డీకే చాలదు. ఎన్నేళ్ళు కట్టినా బాకీ తరగదు సరికదా, పెరుగుతుంది.

ఇలాంటివి చూసే కాబోలు, 2023 ఆగస్టులో రిజర్వు బ్యాంకు కొన్ని నియమాలు చేసింది. రేటు మారినప్పుడు వాయిదా పెంచుకోవడమా, గడువు పెంచుకోవడమా, రెండూ కొంత కొంతనా అన్నది అప్పు తీసుకున్నవారికి విడిచిపెట్టాలి. గడువు సాగదీయడంవల్ల బాకీ పెరిగే స్థితి రాకూడదు. అంతవరకూ వసూలైన అసలెంత, వడ్డీ ఎంత, ఇంకా ఎన్ని వాయిదాలున్నాయి అన్న తబ్సీలు మూడు నెలలకొకసారి అందజేయాలి. నియమాలు బాగానే ఉన్నాయి. వచ్చిన కాగితం చదివే పని మాత్రం మనకే విడిచిపెట్టారు.

కొసరు ఖర్చులు చాలా ఉన్నవి గాని ఒక్కటి చెబుతాను. అప్పుతోపాటు బీమా అంటగడతారు. బీమా ఉండటం మంచిదే. ఇంటాయనకు ఏమన్నా అయితే అప్పు ఇల్లాలి మెడకు చుట్టుకోకుండా కాస్తుంది. కాని ఒక్కసారే కట్టవలసిన ప్రీమియం, 60 వేలో ఎంతో, "మీరు చేతినుంచి ఇవ్వక్కర్లేదండీ" అంటూ అప్పులో కలిపేస్తారు. 8.5 శాతంమీద 20 ఏళ్ళకు తెచ్చిన ప్రతి రూపాయికీ తిరిగి కట్టేది 2 రూపాయల 8 పైసలు. ఆ 60 వేలు లక్షా పాతిక వేలవుతుంది. ఫీజులూ గట్రా కలుపుకుని ఏడాదికి నిజంగా ఎంత శాతం పడుతుందో, ఏ నెల వాయిదాలో అసలెంతో వడ్డీ ఎంతో చూపే ముఖ్యాంశాల పత్రం 2024 అక్టోబరు నుంచి కొత్త అప్పులన్నిటికీ ఇవ్వాలి. సంతకానికి ముందే అడిగి తీసుకోండి.

ఇన్‌కంటాక్సు కలిసివస్తుందనే వారుంటారు. పాత పద్ధతిలో మనముంటున్న ఇంటికి ఏడాదికి 2 లక్షల వరకు వడ్డీని ఆదాయంలోంచి మినహాయిస్తారు. 20 శాతం పన్ను కట్టేవాడికి దానివల్ల మిగిలేది 40 వేలు. మొదటి ఏడు కట్టిన వడ్డీ రెండున్నర లక్షలు. కొత్త పద్ధతిలో ఆ మినహాయింపు కూడా లేదు. పన్ను కోసమని అప్పు తీర్చకుండా ఉంచుకోవడం, ఎలకలున్నాయని ధాన్యం కొనడంలాంటిది.

ఇంతా చెప్పి ఇల్లు కొనవద్దంటున్నానా? లేదు. అద్దె ఇంట్లో ఉన్నా నెలనెలా ఎంతో కొంత పోతూనే ఉంటుంది. అది ఈ వడ్డీలోంచి తీసివేసి చూడాలి. ఇరవయ్యో ఏటి 26 వేలు ఇవాళ్టి 26 వేలంత బరువుండదు, జీతం పెరిగే ఉద్యోగమైతే. ఇల్లాలు గోడకు మేకు కొట్టాలంటే ఇంటివాళ్ళను అడగక్కర్లేని సుఖానికి ఖరీదు కట్టడం నాబోటివాడి తరం కాదు. ఆ సుఖానికి ఎంత ఇస్తున్నామో తెలిసి ఇవ్వమంటున్నాను, అంతే.

ఇప్పటికే అప్పు కడుతున్నవారు ఈ వారంలో ఒకసారి బ్యాంకునుంచి తబ్సీలు తెప్పించుకోండి. అందులో రెండు అంకెలు చూడండి: మిగిలిన అసలు, మిగిలిన వాయిదాలు. ఆఖరి వాయిదానాటికి మీ వయస్సెంతో పక్కన రాసుకోండి. ఆ వయస్సు ఉద్యోగం దిగిపోయే వయస్సు కంటె పెద్దదైతే ఇంటిల్లిపాదీ కూర్చుని మాట్లాడుకోండి. పూర్తిగా తీరిన తరువాత 30 రోజుల్లో మీ దస్తావేజులు మీకు తిరిగి ఇవ్వాలి. బ్యాంకువల్ల ఆలస్యమైతే రోజుకు 5,000 రూపాయలు మీకు చెల్లించాలి. ఇది 2023 డిసెంబరు నుంచి ఉన్న నియమం.

మనవాళ్ళు గృహప్రవేశానికి ఊరంతటినీ పిలుస్తారు. దస్తావేజులు ఇంటికి వచ్చిన రోజున ఎవరినీ పిలవరు. నన్నడిగితే భోజనాలు పెట్టవలసింది ఆ రోజునే.